ఊరు తేలకుండానే వెళ్ళిపోయిన అనంతయ్య పంతులు

చేవెళ్ల అనంతయ్య పంతులు గారు ఇక లేరు. ఈ ఒక్క వాక్యం రాసి చాలాసేపు కలం పక్కన పెట్టి కూర్చున్నాను. రాసిన తరువాత కూడా నమ్మబుద్ధి కావడం లేదు. కిందటి నెలలో ఒక ఉదయం, చేవెళ్ల నుంచి పట్నం పోయే మోటారు మా మొయినాబాద్ బడి ముందు ఆగింది. అది ఆగవలసిన చోటు కాదు. డ్రైవరు దిగి లోపలికి వచ్చి, తలకు చుట్టుకున్న దస్తీ విప్పి చేత పట్టుకుని, "సారూ, మీ జోడీదారు రాత్రి పోయిండు" అన్నాడు. జోడీదారు ఎవరని నేను అడగలేదు. పిల్లలు ఎక్కం అప్పజెబుతున్నారు. ఆపమని చెప్పడం కూడా తోచక ఆ ఎక్కం అయిపోయేదాకా గుమ్మంలో అట్లాగే నిలబడ్డాను.

లోకం దృష్టిలో ఆయన నాకు జోడీదారు కాదు, ప్రత్యర్థి. మొయినాబాద్ సర్కారు బడిలో నా నియామకం చెల్లదని అదాలతులో దావా వేసిన వాది ఆయన. ఆ దావాలో సర్కారువారి పక్కన ప్రతివాదిని నేను. ఒకే కొలువు కోసం ఏళ్ల తరబడి ఎదురెదురుగా నిలబడిన ఇద్దరిలో మిగిలినవాడు పోయినవానికి సంస్మరణ రాయడం చదువరులకు వింతగా తోచవచ్చు. కాని ఆ మహనీయుణ్ణి, ఆయన ఇంటివారిని మినహాయిస్తే, నా అంత దగ్గరగా చూసినవారు లేరు. ఆ భాగ్యం నాకు న్యాయస్థానపు జాప్యం వల్ల లభించింది. దాని వల్ల కలిగిన మేలు అదొక్కటే.

వివాదం చిన్నది. బడిలో తెలుగు పంతులు కొలువు ఖాళీ పడినప్పుడు పరీక్ష రాసినవారిలో ఆయన పేరు మొదటిది, నా పేరు రెండవది. కొలువు నాకు వచ్చింది. ఆయన గైర్‌ముల్కీ అని, అంటే ఈ రాజ్యపువాడు కాడని, కచ్చేరీలో ఎవరో తేల్చారు. అనంతయ్య గారి కుటుంబం తాతల నాటి నుంచి చేవెళ్ల బజారులో దుకాణం నడుపుకుంటున్నది. తండ్రి ఆ ఊళ్లోనే పుట్టి ఆ ఊళ్లోనే పోయారు. అయితే తల్లిగారి పుట్టిల్లు కృష్ణకు అవతల, ఇంగ్లీషువారి ఏలుబడిలోని ఒక పల్లె. తొలి కాన్పుకు ఆడపిల్ల పుట్టింటికి పోవడం మనలో ఆచారం. ఆమె పోయింది, కొడుకును కన్నది, బాలింతరాలి నెలలు గడిచాక ఒళ్లో పెట్టుకుని చేవెళ్లకు తిరిగి వచ్చింది. దరఖాస్తులో పుట్టిన ఊరు ఏదని అడిగిన చోట అనంతయ్య గారు ఆ పల్లె పేరు రాశారు. చేవెళ్ల అని రాస్తే అడిగే దిక్కు లేదు. ఉన్నది ఉన్నట్టు రాయడం తప్ప వేరే విధం ఉంటుందని ఆయనకు తట్టలేదు.

తండ్రిది ఏ ఊరో బిడ్డదీ అదే ఊరని తేల్చడానికి ఎంత కాలం పట్టాలి? జొన్న కోతలకు ముందే తేలిపోతుందని ఆయన వకీలు మొదట్లో హామీ ఇచ్చాడట. "ఏ ఏటి జొన్నలో నేను అడుగలే, ఆయన చెప్పలే" అని అనంతయ్య గారు తరువాత నవ్వేవారు.

ఆ పైన జరిగినదాన్ని చరిత్ర అనడానికి వీలు లేదు, ఏమీ జరగలేదు గనుక. ఒక పేషీకి విచారణ జరపవలసిన హాకిం సెలవు. ఒక పేషీకి మా కాగితాల మిసిలు కనపడలేదు. మరొక పేషీకి మిసిలు కనపడింది గాని విప్పి చూస్తే అది ఎవరిదో భూమి తగాదా. సర్కారు వకీలుకు పక్క అదాలతులో పని. తెలుగు కాగితాలకు ఉర్దూ తర్జుమా కావాలన్నారు. తర్జుమా వచ్చేసరికి హాకిం మారారు. కొత్త హాకిం మొదటి నుంచి వింటామన్నారు, వినడానికి కూర్చునేలోగా ఆయనకూ బదిలీ అయింది. ప్రతిసారీ మాకు దక్కింది ఒక తారీఖు. దాన్ని మనసులో పెట్టుకుని ఇళ్లకు వచ్చేవాళ్లం. అన్నాళ్లూ నేను బడిలో తాత్కాలికుణ్ణి. ఖాయం కాలేదు, కదలడానికి వీలు లేదు. ఆయన అన్నగారి దుకాణంలో తక్కెడ ముందు కూర్చునేవారు.

మొదటి పేషీ నాటి సంగతి చెప్పాలి. ఆయన చేవెళ్లలో మోటారు ఎక్కారు, నేను మొయినాబాద్‌లో. లోపల కాలు పెట్టడానికి చోటు లేదు. కిటికీ దగ్గర పక్క సీటు మీద దస్తీ పరిచి కూర్చున్న ఒక మనిషి నన్ను చూసి చెయ్యి ఊపాడు. ఆయనే వాది అని నాకు అప్పటికి తెలియదు, నన్ను మాత్రం ఆయన ఎరుగుదురు. "ఇటు రా తమ్మీ. నీ కోసమే ఆపిన. ఇద్దరం పోయేది ఒక్క తావుకే గద" అన్నారు. నేను కూర్చున్నాక తాను ఎవరో చెప్పారు. లేచి పోదామంటే వేరే చోటు లేదు. గండిపేట దాటేసరికి మా ఇద్దరికీ మా దగ్గరి ప్రొద్దుటూరులో తెలిసినవారు ఎవరెవరో బయటపడ్డారు. మా పొలాలు ఆ ఊళ్లోనే. అక్కడి ఆసాములు వారి దుకాణానికి పాత ఖాతాదారులు. ఆనాటి నుంచి ఆ సీటు మీద దస్తీ పరచకుండా ఆయన ఏనాడూ పేషీకి రాలేదు.

మధ్యాహ్నం అదాలతు మెట్ల మీద ఆయన సద్దిమూట విప్పేవారు. పులిహోర, నువ్వుల పొడి, పెరుగన్నం, అన్నీ ఇద్దరికి సరిపడా. ఈ రెండో వాటా ఎవరిదని ఆయన ధర్మపత్ని రాజమ్మ గారు ఒకనాడు నిలదీశారట. చెప్పక తప్పలేదు. "ఎవరి మీద దావ ఏసినవో ఆయనకు నేను సద్ది గట్టాల్నా?" అని ఆమె చేతిలోని గరిటె అక్కడే పెట్టేశారట. "ఆయన తినకుంట ముంగట కూసుంటే నాకు ముద్ద దిగదే" అని ఈయన బతిమాలుకున్నారు. ఆ పూట సద్ది కట్టారు గాని పులిహోరలో ఉప్పు లేదు. ఇద్దరం మెతుకు మిగల్చకుండా తిన్నాం.

అనంతయ్య గారి వకీలు నన్ను ఆయన తమ్ముడనుకునేవాడు. ఎప్పుడూ కలిసి వచ్చి కలిసి పోయేవాళ్లం గనుక అనుకోవడంలో తప్పు లేదు. ఒక రోజు తన వసారాలో మమ్మల్ని కూర్చోబెట్టి, ప్రతివాదికి చదువు చెప్పడం రాదని, బడికి వేళకు రాడని రెండు మాటలు అర్జీలో చేర్చితే పని తొందరగా అవుతుందని సలహా ఇచ్చాడు. నేను గోడ వైపు చూస్తున్నాను. అనంతయ్య గారు గొంతు సవరించుకుని, "జర ఆగుండ్రి వకీలు సాబ్. గా మనిషి గీయనే" అని నన్ను చూపించారు. "ఈయన చెప్పుడు నేను బడి ముంగట నిలవడి చెవులార విన్న. మంచిగ చెప్తడు. నా ఊరు చేవెళ్ల అని రాయుండ్రి, అంతే సాలు." వకీలు కళ్లద్దాలు తీసి మమ్మల్ని ఇద్దరినీ మార్చి మార్చి చూశాడు. ఇటువంటి కక్షిదారులతో తాను వేగలేనని ఆ రోజు ఆయన ముఖమే చెప్పింది.

ఒక వానాకాలం చలిజ్వరం వచ్చి నేను పేషీకి పోలేకపోయాను. ఆ రోజు సర్కారు వకీలు కూడా రాలేదట. బంట్రోతు వరండాలో నిలబడి నా పేరు మూడుసార్లు పిలిచాడు. ప్రతివాదులు ఎవరూ పలకకపోతే ఏకపక్షంగా తీర్పు చెప్పడానికి హాకిం సిద్ధంగా ఉన్నారు. అన్ని ఏళ్ల ఎదురుచూపు ఆ పూటతో ముగిసేది. వాది వకీలు ముఖం వెలిగిపోయిందట. అప్పుడు అనంతయ్య గారు లేచి, ప్రతివాది మంచాన పడి ఉన్నాడని, ఇంకొక తారీఖు ఇప్పించవలసిందని చేతులు జోడించి వేడుకున్నారు. తనకు రావలసిన తీర్పును వాయిదా వెయ్యమని వాదియే వేడుకోవడం ఆ అదాలతు గోడలు అంతకు ముందు విని ఉండవు. హాకిం తారీఖు ఇచ్చారు.

ఈ సంగతి ఆయన నాకు చెప్పలేదు. చాలా కాలం తరువాత ఆయన వకీలే చెప్పుకుని వాపోయాడు. ఎందుకు చేశావన్నా అని నేను అడిగినప్పుడు మాత్రం ఆయనకు కోపం వచ్చింది. ఆయన కోపం నేను చూసింది ఆ ఒక్కసారే. "నువ్వు జరమొచ్చి పండుకుంటె గెలుసుడు గెలుపా తమ్మీ? నేను చేవెళ్లోణ్ణని నువ్వు ముంగట నిలవడ్డంక తేలాలె. లేకుంటె రేపు మల్ల ఎవడో ఒకడు లేపుతడు" అన్నారు. ఆ తరువాత దారి పొడుగునా కిటికీ వైపే తిరిగి కూర్చున్నారు.

నాకు జ్వరం వచ్చిన ఆ పేషీ రోజు సాయంత్రం ఆయన చేవెళ్లకు పోలేదు. మొయినాబాద్‌లో దిగి మా ఇంటికి వచ్చి, నా నొసలు ముట్టి చూసి, బడిలో పిల్లల సంగతి అడిగారు. తరగతి ఖాళీగా ఉన్నదన్నాను. నేను లేచి నడిచేదాకా ఆ తరగతి ఆయనే నడిపారు. జీతం లేదు, హుకుం లేదు. దావా వేసిన మనిషి అదే తరగతిలో నిలబడి పాఠం చెప్పడం పై కచ్చేరీకి తెలిస్తే ఏమవుతుందోనని మా పెద్ద పంతులు గారు జంకారు గాని వద్దనలేదు. అనంతయ్య గారు ముందు పుస్తకం తెరవరట. బడికి వస్తూ దారిలో ఏం చూశావని ఒక్కొక్క పిల్లవాణ్ణి అడిగేవారు. వాడు చెప్పిన మాటనే పలక మీద రాయించేవారు. మోకిల వైపు నుంచి వచ్చే మొద్దు పిల్లవాడొకడు, అంతకు ముందు నా దగ్గర అక్షరం పలకనివాడు, తమ బర్రె ఈనిన సంగతి పలక నిండా రాసి చూపించాడు. ఆయనకు ఎట్లా కృతజ్ఞత చెప్పాలో తెలియక నేనేదో గొణిగితే, "మనకు వాయిదాలున్నయి. పిల్లల ఈడుకు వాయిదా ఉండదు తమ్మీ" అన్నారు. ఏ కొలువు కోసం ఆయన జీవితమంతా అదాలతు చుట్టూ తిరిగారో, ఆ కొలువును ఆయన చేసింది ఆ కొద్ది రోజులే.

పుట్టుక సంగతి రుజువు కావడానికి సాక్షి కావాలన్నారు. కాన్పు చేసిన మంత్రసాని ఎన్నడో పోయింది. మేనమామ కృష్ణ దాటి రాగల స్థితిలో లేరు. చివరికి తల్లిగారినే తీసుకువచ్చారు. నడుము వంగిన ఆ వృద్ధురాలు మోటారు కుదుపులకు మూలుగుతూ మా ఇద్దరి మధ్య కూర్చుని వచ్చింది. వరండాలో గొంగడి పరిచి కూర్చోబెట్టాం. నేను ఎవరినో ఆమెకు తెలియదు, కొడుకు స్నేహితుణ్ణి అనుకున్నది. "తొలి కాన్పుకు పుట్టింటికి పోని ఆడిది ఉంటదా బిడ్డా? అది తప్పని ఎవరన్న అప్పుడే చెప్తే నేను ఈడనే కనకపోదునా" అని నా చెయ్యి పట్టుకుని అడిగింది. పొద్దు వాలాక, ఈ రోజు హాకిం గారు కూర్చోరని చెప్పి పంపించారు. తరువాతి పేషీకి ఆమె లేదు. అనంతయ్య గారు గుండు చేయించుకుని వచ్చారు. సాక్షి హాజరా అని అడిగితే లేదని మాత్రం అన్నారు. ఎందుకు లేదో అడిగినవారూ లేరు, ఆయన చెప్పనూ లేదు. వాయిదా పడింది.

అప్పటి నుంచి ఆయన నడకలో అలసట కనిపించింది. యుద్ధం వచ్చాక పెట్రోలు కరువై మోటార్లు బొగ్గు మీద నడిచాయి. ఎత్తు వచ్చిన చోటల్లా అందరూ దిగి నెట్టవలసిందే. వాది, ప్రతివాది ఒకరి పక్కన ఒకరు భుజం ఆనించి నెట్టేవాళ్లం. "దావ గూడ గిట్ల నూకితె నడుస్తదేమో" అని ఆయాసపడుతూ నవ్వేవారు. ఆ నవ్వు చివరికి దగ్గుగా మారేది.

వయసు మీరిపోయింది. గెలిచినా ఆ కొలువు ఆయనకు ఇవ్వరు. ఆ మాట అందరికీ తెలుసు. ఇక చాలించన్నా, రాజీ అని రాసి ఇద్దామని ఒకసారి నేనే అన్నాను. చెప్పానో లేదో నాకే సిగ్గు వేసింది. ఆయన మాత్రం ఏమీ అనుకోలేదు. "కొలువు ఫికర్ ఎన్నడో పోయింది. అది నీదే తమ్మీ. మా పోరగాడు రేపు దరఖాస్తు పెడ్తడు. మీ నాయనది ఏ ఊరు అని వాణ్ణి అడుగుతరు. నేను చేవెళ్లోణ్ణని హాకిం ఒక్క మాట రాస్తె వానికి నా తిప్పలు రావు. కాదని రాసినా మంచిదే, వాడు వేరే తొవ్వ చూసుకుంటడు. ఏదో ఒకటి రాయాలె గద" అన్నారు. ఓడినా సరే తీర్పు కావాలని కోరే స్థితికి ఒక విద్వాంసుణ్ణి తీసుకువచ్చిన ఆ దీర్ఘసూత్రతను ఏమని నిందించను? నిందించే ఓపిక కూడా నాకిప్పుడు లేదు.

మరణవార్త విని నేను చేవెళ్ల చేరేసరికి అంతా అయిపోయింది. బజారులో దుకాణాలన్నీ మూసి ఉన్నాయి. నాలుగు రోజులుగా రొమ్ములో నొప్పి అని పడుకున్నారట. షాబాద్ వైద్యుడు వచ్చి చూసి, పట్నం దవాఖానకు తీసుకుపొమ్మన్నాడట. పేషీ దగ్గర పడ్డది గదా, అప్పుడెట్లాగూ పోవాలె, ఒకే తొవ్వల రెండు పనులైతయని ఈయన ఆపారట. రాజమ్మ గారు నన్ను చూసి కొంగు నోట్లో కుక్కుకున్నారు. కాసేపటికి, "ఇగ పేషీకి ఒక్కనివే పోవాలె అన్నా" అన్నారు. ఆమె నన్ను అన్నా అని పిలవడం అదే మొదటిసారి.

నిన్ననే ఆ పేషీ. మోటారు ఎక్కితే ఆ కిటికీ పక్కన రెండు సీట్లూ ఖాళీగా ఉన్నాయి. డ్రైవరు తన దస్తీ పరిచి ఆపి ఉంచాడు. నేను ఒకదానిలో కూర్చున్నాను. రెండవదానిలో ఎవరినీ కూర్చోనివ్వలేదు, ఎవరూ అడగనూ లేదు.

ఈ మధ్యనే పెట్టుకున్న నా వకీలు ముందే చెప్పాడు. వాది పేరు మూడుసార్లు పిలుస్తారు, నువ్వు మాట్లాడకుండా కూర్చో, దావా దానంతట అదే పోతుంది, వచ్చే నెలలో నువ్వు ఖాయం అవుతావు అని. బంట్రోతు పిలిచాడు. ఒకసారి, రెండుసార్లు. మూడవసారి నేను లేచాను. ఆయన నా కోసం లేచిన చోటు బహుశా అదే. వాది మరణించాడని చెప్పాను. హాకిం కొత్తవారు. మీరు ఆయనకు ఏమవుతారని అడిగారు. ప్రతివాదిని అనడానికి నోరు రాలేదు. జోడీదారునన్నాను. మా వకీలు తల పట్టుకున్నాడు.

వాది లేడు గనుక దావా కొట్టివేస్తున్నామని, మరణం సంగతి ఊరి పటేలు రాసి పంపాలని హాకిం అన్నారు. తేల్చవలసిన ప్రశ్న అట్లాగే ఉన్నదని, ఆ ఒక్క మాట చెప్పి దావా ముగించవచ్చునేమోనని నేను మనవి చేశాను. చనిపోయినవాని విషయంలో అదాలతు తీర్పు చెప్పదన్నారు. కోపంగా అనలేదు, జాలిగానే అన్నారు. తరువాత కలం సిరాలో ముంచి, ఏ ఊరి పటేలుకు హుకుం పంపాలి, ఈయనది ఏ ఊరు అని అడిగారు.

చేవెళ్ల అని చెప్పాను.

చెప్పి, సర్కారు వకీలు వైపు తిరిగాను. ఈయనది చేవెళ్ల కాదని ఇన్నేళ్లుగా వాదించిన పెద్దమనిషి ఆయనే. కాగితాలు కట్ట కడుతున్నారు. ఏమైనా అంటారని కాసేపు చూశాను. తల ఎత్తలేదు. హాకిం రాసుకున్నారు. బంట్రోతు అప్పటికే వేరే ఎవరి పేరో పిలుస్తున్నాడు.

ఆ రాత అనంతయ్య గారి కొడుకుకు ఎందుకూ పనికిరాదని బయటికి వచ్చాక వకీలు నాకు వివరంగా చెప్పాడు. అది హుకుం పంపే చిరునామా, తీర్పు కాదు. నాకూ తెలుసు. ఆ పిల్లవాడు దరఖాస్తు పెట్టే నాటికి మళ్లీ ఈ మెట్లెక్కవలసి వస్తే నేనూ వెంట ఎక్కుతాను. అంతకు మించి చెయ్యగలిగింది నాకు కనపడడం లేదు. మొయినాబాద్ బడిలో నేను ఖాయం అవుతాను. ఆ కుర్చీ మీద ఇక ఎవరూ దావా వెయ్యరు. దానిలో కూర్చోవలసిన పండితుడు, నిష్కపటి, నా అన్న, ఈ లోకంలో లేడు. అటువంటి వానిని మళ్లీ ఎక్కడ చూస్తాం? వారి పవిత్రాత్మకు శాంతి కలగాలని ప్రార్థిస్తూ, ఆయన జీవితాంతం వినాలనుకుని వినలేకపోయిన ఆ ఒక్క మాటను, ఆయన యాసలోనే, నేను చెప్పి నమస్కరిస్తున్నాను.

అన్నా, నువ్వు చేవెళ్లోనివే. ఎవ్వరు కాదనలే.